దమ్ము కుర్చీ

ఎగురుడు నంబరు 41

దిగిన వెంటనే, గొంతులో చుక్క నీళ్లు పడకముందే రాయాలని నియమం. నీళ్లు తాగితే జరిగినదాన్ని ఒళ్లు మరిచిపోతుందట. ఈ నియమం పెట్టిన మహానుభావుడు గంటసేపు ఆ కవచంలో చెమటలు కక్కి ఉండడు.

ఎగిరింది మస్తాన్‌బీ. నేను నడిగట్టు స్థావరంలో, కిటికీ లేని గదిలో, కుర్చీలో కూర్చున్నాను. ఒంటి మీద ఆమె కవచానికి జోడు కవచం, చెవి వెనక బిళ్ల, కళ్లకు ముసుగు. ఆమెకు కనిపించేది నాకు కనిపిస్తుంది. ఆమె మీద పడేది నా మీదా పడుతుంది. నన్ను దమ్ము మనిషి అంటారు.

రన్‌వే చివర నిలబడి ఇంజన్‌లో రెండో మంట వెలిగించినప్పుడు వెనక నుంచి తన్నినట్టు ఉంటుందని కొత్తవాళ్లు అనుకుంటారు. అలా ఉండదు. ఎవరో వీపు మీద అరచెయ్యి ఆనించి, తియ్యకుండా నెడుతూనే ఉన్నట్టు ఉంటుంది. నేల ఎప్పుడు వదిలిందో తెలియదు. ముక్కు పైకెత్తి నిటారుగా లేచేసరికి ఎదురుగా ఆకాశం తప్ప ఇంకేమీ లేదు. పైన ధ్వని వేగం దాటింది. సూది ఒక్కసారి వణికి కుదురుకుంది, అంతే. కింద గట్టు మీద జనం మాత్రం ఆ పిడుగు చప్పుడుకు చేతుల్లోని గిన్నెలు వదిలేసి ఉంటారు. వేగం ఒంటికి తెలియదు, మార్పు తెలుస్తుంది.

విమానం రోడ్డు మీద బండిలా తిరగదు. ముందు ఒక రెక్క మీదికి ఒరగాలి, అప్పుడు విమానం నడిపే కర్ర వెనక్కి లాగాలి. లాగిన క్షణం నుంచి బరువు మొదలవుతుంది. ఈ రోజు ఏడు రెట్లు. యాభై ఎనిమిది కిలోల మనిషిని నాలుగు వందల పైచిలుకు అయ్యాను. బుగ్గలు జారాయి, కనురెప్ప ఎత్తడం మూట ఎత్తడమంత పనైంది. నెత్తురంతా తల వదిలేసి కాళ్లలోకి దిగుతుంది. ముందు రంగులు పోతాయి, తర్వాత చూపు అంచుల నుంచి మూసుకొస్తుంది. అలా కాకుండా తొడలూ పొట్టా రాయిలా బిగించి, మూడు సెకన్లకోసారి హుక్కుమని గుక్క మార్చుకోవాలి. పైలట్ కళ్లూ చేతులూ వేరే పనిలో ఉంటాయి కాబట్టి ఆ బిగింపు నాది. ఇక్కడ నేను బిగిస్తే అక్కడ ఆమె కవచం బిగుస్తుంది. యంత్రానికి అప్పగిస్తే బరువు పడ్డాక బిగిస్తుంది. మనిషైతే ఆమె చెయ్యి కదలడం చూసి ముందే బిగిస్తుంది.

ఒంటికి తెలిసిందేదీ దాచకుండా రాయమన్నారు కనుక ఇదీ రాస్తున్నాను: మలుపు మొదటి నుంచి చివరిదాకా కడుపులో మంట. తిండి వల్ల కాదు. నేనైతే ఆ మలుపు ఇంకాస్త ముందే మొదలుపెట్టేదాన్ని.

మస్తాన్‌బీ, నేను ఒకే బ్యాచి. రాత పరీక్షల్లో నేను ఫస్టు, తను పదకొండు. చివర్లో డాక్టరు టేపు తెచ్చి తొడ ఎముక కొలిచాడు. నాది రెండు వేళ్లు పొడుగు. ప్రమాదం వచ్చి సీటుతో సహా బయటికి ఎగరాల్సి వస్తే మోకాళ్లు ముందు పలకకు తగిలి అక్కడే ఉండిపోతాయట. మస్తాన్‌బీ నా భుజం దాకా కూడా రాదు. గుండెకూ తలకూ దూరం తక్కువ కాబట్టి పొట్టివాళ్లు బరువు బాగా తట్టుకుంటారని డాక్టరు నా ముందే మెచ్చుకున్నాడు. పొట్టివాడికి పుట్టెడు బుద్ధులని మా అమ్మమ్మ అనేది. పుట్టెడు అదృష్టం కూడా అని నేనంటాను.

ఇక నీళ్లు తాగుతాను.

ఎగురుడు నంబరు 44

మామూలు గస్తీ. రెండు మలుపులు, ఒక బోర్లా తిప్పుడు. తలకిందులుగా ఉండి కర్ర కాస్త ముందుకు తోస్తే బరువు పూర్తిగా పోతుంది. ఆమె కవచం జేబులోంచి ఒక ఉప్పు బిళ్ల బయటికొచ్చి కళ్ల ముందు తిరిగింది. సముద్రం నెత్తి మీద ఉంది. మునిగిపోయిన ఊళ్ల మిద్దెలు నీళ్ల కింద గళ్లు గళ్లుగా కనిపించాయి.

ఎగిరే ముందు ఇద్దరం ఒకే కంచంలో తినాలి. కడుపులు ఒకేలా ఉంటే బిళ్ల బాగా పనిచేస్తుందని పాతకాలం వాళ్లు కనిపెట్టారు. రాగి సంగటి, పప్పు, ఒక్క గుడ్డు. గుడ్డును దారంతో సరిగ్గా సగానికి కొయ్యడం నా పని. నేను కుళ్లుకునే మనిషితో రోజూ ఒకే కంచంలో చెయ్యి పెడుతున్నాను. నా సగంలో పచ్చసొన ఎక్కువ వచ్చేలా కోసిన రోజులూ ఉన్నాయి.

"అక్కా, బోర్లా తిప్పినప్పుడు నువ్వు నవ్వినావు. నా చెవిలో ఇనబడింది" అంది మస్తాన్‌బీ దిగాక, కవచం విప్పుతూ.

"నవ్వలా. దగ్గినా."

"దగ్గు అట్టుండదులే" అని తనే నవ్వేసింది. ఆమెకు ఎదుటివాళ్ల మీద కోపం రావడం నేను చూడలేదు. అది కూడా నాకు కష్టంగానే ఉంటుంది.

ఈ రోజు పెద్దాయన, అంటే మా కమాండరు, ఇద్దరినీ పిలిచాడు. వచ్చే నెల ఓడలో కొత్త విమానం వస్తోంది. సీటు వెనక్కి జరుగుతుందట. ఎంత పొడుగు కాళ్లకైనా చోటు ఉంటుందట. ఒక్కటే వస్తోంది.

"ముందు హక్కు మస్తాన్‌బీది. ఆమె రికార్డులో మచ్చ లేదు" అన్నాడు. "ఏదైనా వస్తే చెంగమ్మది" అని నా వైపు చూశాడు.

గది బయటికి వచ్చాక మస్తాన్‌బీ నా చెయ్యి పట్టుకుంది. "ఇంకోటి కూడా తెప్పించమని అడుగుదాం అక్కా." నేను తల ఊపాను. ఏదైనా వస్తే అన్న మాట మాత్రం సాయంత్రం కవచాలు ఉతుకుతున్నంతసేపూ చెవిలోనే ఉంది. మా ఇద్దరి వాటా మంచినీళ్లలో సగం ఆ కవచాల ఉప్పు కడగడానికే పోతుంది.

ఎగురుడు నంబరు 47

వచ్చింది.

ఏడున్నర రెట్ల మలుపు. రంగులు పోయాయి, అంచులు మూసుకున్నాయి, ఆ తర్వాత ఒక సెకనుపాటు ఏమీ లేదు. మళ్లీ వెలుగు వచ్చేసరికి విమానం మలుపులోంచి జారి, రెక్కలు వదులుగా ఊగుతున్నాయి. మస్తాన్‌బీ వెంటనే సర్దుకుంది.

దీన్ని మా లెక్కలో ఖాళీ అంటారు. పైలట్ ఆ సెకను లోకంలో లేదని అర్థం. తనకు తెలియదు కూడా, ఎందుకంటే తెలుసుకోవడానికి తను ఉండదు. దమ్ము మనిషి రాస్తేనే అది జరిగినట్టు. మూడు ఖాళీలు పడితే పైలట్‌ను జీవితాంతం దించేస్తారు.

రాశాను: ఖాళీ, ఒక సెకను. ఆ అక్షరాలు రాసేటప్పుడు నా చెయ్యి చాలా గుండ్రంగా, అందంగా రాసింది. ఉన్నమాట చెప్పాలంటే సంతోషం వేసింది. సిగ్గు కూడా వేసింది గానీ అది కాస్త ఆలస్యంగా.

ఎగురుడు నంబరు 49

రెండోది. ఒకటిన్నర సెకన్లు.

కవచాల పని చూసే చెంచయ్య మామ మస్తాన్‌బీ కవచాన్ని బల్ల మీద పరిచి, గొట్టాలన్నీ నీళ్లలో ముంచి బుడగలు వస్తాయేమో చూశాడు. కవాటాలు విప్పి మళ్లీ బిగించాడు. నేను పక్కనే నిలబడి, గొట్టం పాతదై ఉంటుంది, మార్చమని అన్నాను. ఎందుకన్నానో నాకే తెలియదు.

"ఆడలేక మద్దెల ఓడన్నారంట ఎనకటికి. నా మద్దెల బాగుండాది" అన్నాడు చెంచయ్య. "కవచంలో దోషం ల్యా. అయితే ఆ పిల్ల ఒంట్లో ఉండాల. లేకుంటే నీ కుర్చీలో ఉండాల."

"నా కుర్చీలో ఏముంటాది?"

"నాకేం తెలుసు? నువ్వు ఎప్పుడు బిగిస్తుండావో కొలిచే మీటరు యాడుండాది? దమ్ము మనిషి మాటే మీటరు." గొట్టం తుడుస్తూ నా వైపు చూడకుండా చెప్పాడు. "తప్పు దమ్ము మనిషిదైతే మళ్లీ కవచం తొడగనియ్యరు. కుర్చీలోనూ కాదు, సీట్లోనూ కాదు. జ్ఞాపకం పెట్టుకో."

నాకు ఒళ్లు మండిపోయింది. ఏటా నంబరు ఒకటి నుంచి మొదలుపెట్టి, నాలుగేళ్లుగా గుక్క తప్పని మనిషిని.

50, 51 ఎగురుళ్లు లేవు

మస్తాన్‌బీ రెండు రోజులు సెలవు అడిగింది. సెలవు తీసుకుని ఇంటికి పోలేదు. ఒళ్లు గట్టిపడాలని బరువు సంచి భుజాన వేసుకుని మెట్లు ఎక్కింది, దిగింది. కళ్లు తిరగకుండా ఉంటుందని గ్లాసెడు ఉప్పునీళ్లు తాగింది. ఒకసారి కక్కుకుంటే నేనే వీపు నిమిరాను. రెండో రోజు మధ్యాహ్నం నా గదికి వచ్చి గుమ్మంలోనే కూర్చుంది.

"మా నాయన పడవ మీద నిలబడే పడిపొయినాడంట. కళ్లు తిరిగి. మా అమ్మ చెప్పేది. అదే నాకూ వచ్చిందేమో అక్కా."

లోపలికి రమ్మని చాప ఆమె వైపు జరిపాను.

"నువ్వు మాత్రం ఉన్నది ఉన్నట్టు రాయి. నా మొహం చూసి తగ్గించబాక. పైన నేను లేకుండా విమానం ఉంటే కింద జనం మీద పడతాది."

ఆమె అడిగితే ఇద్దరం ఎదురెదురుగా కూర్చుని, మోకాళ్లు ఆనించుకుని సాధన చేశాం. నేను బిగించాను, ఆమె బిగించింది. హుక్, మూడు లెక్కలు, హుక్. ఒక్క గుక్క తప్పలేదు. ఇద్దరి ఊపిరీ గడియారంలా కలిసిపోయింది. గదిలో విమానం లేదు, కుళ్లుకోవడానికి ఏమీ లేదు. అప్పుడు ఆ సంగతి నాకు తట్టలేదు.

వెళ్లేటప్పుడు "నువ్వుండావని ధైర్యం అక్కా" అంది. కొత్త సీటు ఎంత వెనక్కి జరుగుతుందో నేను ఆ ఉదయమే కాగితం మీద గీసుకుని ఉన్నాను.

ఎగురుడు నంబరు 52

ఇప్పటిదాకా రాసినవన్నీ ఒక ఎత్తు, ఇది ఒక ఎత్తు. వరుసగా రాస్తాను.

ఉదయం పదింటికి గంట మోగింది. మంచినీళ్ల పడవల మీదికి దొంగలు ఎగరేసి పంపే యంత్రాలు వస్తుంటాయి. వాటిలో మనుషులు ఉండరు. ఆయుధం ఉన్న చోట మనిషి కూడా ఉండి తీరాలన్న ఒప్పందానికి మేం కట్టుబడి ఉన్నాం. దొంగలు దేనికీ కట్టుబడరు. ఈసారి ఒక్కటే వచ్చింది, నీటిని రాసుకుంటూ.

మస్తాన్‌బీ ఐదు వేల మీటర్ల నుంచి తలకిందులుగా తిరిగి, కర్ర లాక్కుని ముక్కు నీళ్ల వైపు దించింది. ఒక్క క్షణం ఒళ్లు తేలిపోయింది, పేగులు గొంతులోకి వచ్చాయి, ఆ వెంటనే గాలి గట్టిపడి విమానమంతా గతుకుల దారిలో బండిలా అదిరింది. సముద్రం పెద్దదవుతోంది. దొంగ యంత్రం నల్ల చుక్కలా ఉంది. పన్నెండు వందల మీటర్ల దగ్గర ఆమె దాని వెనక్కి రావడానికి ఎడమ రెక్క మీదికి ఒరిగింది.

ఆలస్యం, అనుకున్నాను. నేనైతే ఇప్పటికే లాగేసేదాన్ని. లాగు. ఇంకా లాగు.

ఆమె లాగింది. ఎనిమిది రెట్లు. రంగులు పోయాయి. అంచులు మూసుకున్నాయి. ముసుగు నల్లబడింది.

మొదటి రెండుసార్లూ ఖాళీ చిన్నది కాబట్టి నాకు ఏమీ కనిపించలేదు. ఈసారి అది ఆగలేదు. ఆమె చూపు ఆరిపోవడంతో ముసుగు అంచు సందులోంచి నా గది కనిపించింది. బల్ల, దీపం, నా మోకాళ్లు. నా కుడి చెయ్యి కుర్చీ చేతికొయ్యను పట్టుకుని, మణికట్టు వెనక్కి విరిచి, బలమంతా పెట్టి లాగుతోంది. తొడలు వదులుగా ఉన్నాయి. పొట్ట మెత్తగా ఉంది. ఊపిరి బిగపట్టి ఉన్నాను, పైలట్లు గురి చూసేటప్పుడు బిగపడతారే, అలా.

నేను దమ్ము పట్టడం లేదు. విమానం నడుపుతున్నాను. ఆమెను పక్కకు నెట్టేసి ఆమె సీట్లో కూర్చుని, కొయ్యముక్కతో మలుపు తిప్పుతున్నాను. కఠినమైన మలుపు వచ్చినప్పుడల్లా ఇదే చేసి ఉంటాను. ఒక పైలట్ పని ఇద్దరు చేస్తున్నారు, దమ్ము మనిషి పని ఎవరూ చెయ్యడం లేదు.

చెయ్యి వదిలేశాను. కండరం చిట్లిపోతుందేమో అన్నంతగా తొడలు బిగించి హుక్కుమన్నాను. చెవిలో ఆమె ఊపిరి లేదు. మళ్లీ హుక్. లేదు. "మస్తానూ, నేనుండా, ఇప్పుడు నేనుండా" అని అరిచాను. దమ్ము మనిషి మాట్లాడకూడదు. మూడో హుక్కుకు చెవిలో ఒక మూలుగు, తర్వాత గురక లాంటి గుక్క, తర్వాత ముసుగులో బూడిద రంగు. నీళ్లు అద్దం నిండా ఉన్నాయి. అలల మీద నురుగు లెక్కపెట్టొచ్చు. ఆమె కర్ర లాగింది, నేను ముందే బిగించి ఉన్నాను. తాటిచెట్టంత సందు మాత్రమే వదిలి సముద్రం మా పొట్ట కింద నుంచి జారిపోయింది.

దొంగ యంత్రం ఒక పడవ నీళ్ల గొట్టం కోసేసి వెళ్లిపోయింది.

నాలుగు సెకన్లు. మూడో ఖాళీ.

దిగాక మస్తాన్‌బీ నేరుగా ఈ గదికి వచ్చింది. పైలట్ ఇక్కడికి రాకూడదు. గుడ్డ ముక్కతో ముక్కు కింద నెత్తురు అదుముకుంటూ గోడకు ఆనుకుని నిలబడింది.

"మూడోది గదా అక్కా?"

"ఊఁ."

"ఎంత?"

"నాలుగు."

గుడ్డ ముక్క మడిచి, శుభ్రంగా ఉన్న వైపు మళ్లీ ముక్కుకు అదుముకుంది. తర్వాత అంది: "నా పని అయిపొయింది. పర్వాలా. కొత్తది నువ్వు ఎక్కు. నీ దమ్ము నేను పడతా. నీ ఊపిరి నాకు తెలుసు, నా ఊపిరి నీకు తెలుసు. ఇంకెవురికో ఇయ్యబాక."

ఏడవలేదు. ఏడ్చి ఉంటే బాగుండేది. ఏడ్చినా, తిట్టినా, నా వైపు ఒక్కసారి ఓర్వలేని చూపు చూసినా, నేను కాగితం మీద నాలుగు సెకన్లు అని రాసి, సంతకం పెట్టి, నీళ్లు తాగి ఉండేదాన్ని. నిజంగా రాసి ఉండేదాన్ని. మీటరు లేదు కదా. ఆ కుర్చీలో కూర్చుంటే మనిషికి ఏమవుతుందో నాకు తెలుసు. తనకూ అదే అవుతుందా అని ఆమె మొహంలోకి పట్టి పట్టి చూశాను. అవ్వదు. ఈ మనిషి కింద ఈ కుర్చీలో కూర్చుని, పైన నేను ఎగురుతుంటే సంతోషంగా బిగిస్తుంది. ఒక్క గుక్క తప్పదు. ఎగరడం, పొట్టి కాళ్లు, కొత్త సీటు, వీటన్నిటికంటే ఎక్కువగా నేను కుళ్లుకున్నది అక్కడే. నాకు రానిది అది.

ఆమెను బయటికి పంపేసి రాస్తున్నాను.

ఖాళీ: నాలుగు సెకన్లు. కారణం: దమ్ము మనిషి బిగించలేదు. కుడి చేత్తో కుర్చీని లాగుతోంది. 47, 49 నంబర్లలో కూడా ఇదే కారణమని నా నమ్మకం. పైలట్ ఒంట్లో ఏ దోషమూ లేదు. మూడు ఖాళీలూ నావి.

అక్షరాలు ఈసారి వంకరగా వచ్చాయి. సంతకం: చెంగమ్మ.

నంబరు లేదు

ఇది సొంత పుస్తకం. స్థావరం పుస్తకంలో రాసే హక్కు నాకు లేదు.

పెద్దాయన చదివి, కళ్లద్దాలు తీసి, మళ్లీ చదివాడు. కవచం అప్పగించమన్నాడు. చెంచయ్య మామ దాన్ని తీసుకుని, మడతపెట్టి, పెట్టెలో పెట్టి తాళం వేశాడు.

నెలాఖరున పైలట్లు తమ ఎగురుళ్ల మీద రాసినవి చదువుకోవచ్చు. మస్తాన్‌బీ చదివింది. సాయంత్రం వంటశాల వెనక నన్ను పట్టుకుంది. ఆమె కోపం అప్పుడు చూశాను.

"చంపబొయినందుకు కాదు" అంది. "పైన చావు ఎట్టైనా రావచ్చు. మా నాయన రోగం నాకు అంటిందని పదిరోజులు నన్ను నేనే అనుమానించుకున్నా. ఉప్పునీళ్లు తాగి కక్కుకుంటుంటే నా వీపు నిమిరినావే, ఆ చెయ్యే గదా కుర్చీని లాగింది?"

"అదే."

"నాతో మాట్లాడబాక."

కొత్త విమానం వచ్చింది. దాని సీటు చివరిదాకా ముందుకు జరిపి మస్తాన్‌బీ ఎక్కింది. కొత్త దమ్ము మనిషికి నేర్పడానికి ఇంకెవరూ లేరు కాబట్టి ఆ పని నాకు పడింది. ఆమె పేరు అంకమ్మ, నలభై దాటినావిడ. మునిగిన ఊళ్లలోకి దిగి మిద్దెల్లోంచి రాగి తీగలు తెచ్చేది. ఊపిరి మీద ఆమెకున్న పట్టు నాకెప్పుడూ లేదు. పదిహేను రోజులు నేర్పాను. చెయ్యి కదలక ముందే బిగించడం, గుక్క మార్చడం. కుడి చెయ్యిని నడుముకు కట్టుకోమన్నాను. ఎందుకని అడిగింది. కట్టుకోమన్నాను.

ఈ రోజు అంకమ్మ మొదటి ఎగురుడు. కుర్చీ గది తలుపు బయట బల్ల మీద కూర్చున్నాను. పైన ఎక్కడో ఉరుములా వినిపించి పోయింది. నా ఒంటికి ఏమీ తెలియలేదు. ఒరిగిందో, లాగిందో, బోర్లా తిరిగిందో, ఉప్పు బిళ్ల తేలిందో లేదో ఏదీ తెలియదు. నాలుగేళ్లు మస్తాన్‌బీకి దక్కిందాన్ని చూసి ఏడ్చాను గానీ నాకు ఏం దక్కిందో చూసుకోలేదు.

గంట తర్వాత తలుపు తెరుచుకుంది. అంకమ్మ జుట్టంతా తడిసి, మొహం ఎర్రగా కంది, గోడ పట్టుకుని నిలబడింది. నవ్వుతోంది, కళ్లల్లోంచి నీళ్లు కారుతున్నాయి. చేతిలో తెల్ల కాగితం, కలం.

"చెంగమ్మా, ఇది... ఎట్టా చెప్పేది? ఈపు మీద... ఆ పైన సముద్రం..." అని ఆగిపోయింది. "రాయమంటుండారు. మాటల్రావడం ల్యా. నువ్వు చెప్పు, రాసుకుంటా. ఏమంటారు దాన్ని?"

ఆ మాటలన్నీ నా దగ్గర ఉన్నాయి. ఒక్కొక్కటీ నాలుగేళ్లు వెతికి పట్టుకున్నవి.

"నాకు తెలియదు" అన్నాను. "నీ ఒంటికి తెలిసింది నువ్వే రాసుకో."